వక్ఫ్ ట్రిబ్యునల్లో ఏళ్ళ తరబడి వాయిదాలు: హైకోర్టుకు వెళ్తే కేసు కదులుతుందా?

కొత్త చట్టం ప్రకారం వక్ఫ్ ట్రిబ్యునల్ ముందు వేసిన దరఖాస్తు ఆరు నెలల్లో తేలాలి. తేలకపోతే, ఎందుకు తేలలేదో కారణాలు రాసి పెట్టి మరో ఆరు నెలలు తీసుకోవచ్చు. వక్ఫ్ సవరణ చట్టం 2025లో 84వ సెక్షన్‌కు చేర్చిన మాట ఇది. అంటే ఎంత లేదన్నా ఏడాదిలో తీర్పు రావాలి. ట్రిబ్యునల్ మెట్లెక్కి దిగుతున్న ఏ ముతవల్లీనైనా, ఏ మసీదు కమిటీ సెక్రటరీనైనా ఈ మాట చెప్పి చూడండి. ఒక నవ్వు నవ్వి, సంచీలోంచి వాయిదా తారీఖులు రాసుకున్న డైరీ తీసి చూపిస్తారు.

ఈ సంగతి ఇప్పుడు ఎందుకు ఎత్తాల్సి వచ్చిందంటే, 2025 డిసెంబర్ 1న సుప్రీంకోర్టు ఒక మాట తేల్చి చెప్పింది. ఉమీద్ పోర్టల్లో వక్ఫ్ ఆస్తుల వివరాలు ఎక్కించే గడువు పెంచాలని వెళ్ళిన వాళ్ళతో, గడువు మేం పెంచం, చట్టంలోనే దారి ఉంది, ట్రిబ్యునల్‌కు వెళ్ళి కారణం చూపించుకోండి అంది. 3బి సెక్షన్‌లో ఆ దారి నిజంగానే ఉంది. తగిన కారణం ఉందని ముతవల్లీ ఒప్పించగలిగితే ట్రిబ్యునల్ మరో ఆరు నెలల దాకా సమయం ఇవ్వొచ్చు. చట్టం ప్రకారం తప్పు పట్టడానికి లేదు. కానీ ఉన్న కేసులే నడవని చోటికి కొత్త కేసుల కట్టలు పంపితే ఏమవుతుందో ఊహించడానికి వకీలు కానక్కర్లేదు.

ముందు ట్రిబ్యునల్ అంటే ఏమిటో ఒకసారి చూద్దాం. వక్ఫ్ చట్టం 1995లో 83వ సెక్షన్ దీన్ని పెట్టింది. 85వ సెక్షన్ సివిల్ కోర్టు తలుపు మూసేసింది. వక్ఫ్ ఆస్తి గురించి తగాదా వస్తే మామూలు మున్సిఫ్ కోర్టుకో జిల్లా కోర్టుకో పోవడానికి వీల్లేదు, ట్రిబ్యునల్‌కే రావాలి. మొదట్లో ఒక్క జడ్జితో నడిచేది. 2013 సవరణ వచ్చాక ముగ్గురయ్యారు: న్యాయశాఖ నుంచి ఛైర్మన్, ప్రభుత్వ అధికారి ఒకరు, ముస్లిం లా తెలిసిన వ్యక్తి ఒకరు. ఆలోచన మంచిదే. వక్ఫ్ తగాదాలు మామూలు సివిల్ కేసుల గుట్ట కింద నలిగిపోకుండా వేరే చోట త్వరగా తేలాలని ఈ ఏర్పాటు చేశారు. త్వరగా తేలడం కోసం పెట్టిన చోటే ఆలస్యమవుతుంటే, త్వరగా తేల్చమని ఇంకో కోర్టుకు వెళ్ళాల్సి రావడం ఈ కథలోని వింత.

ఆలస్యం అందరికీ ఒకేలా నష్టం చేయదు. భూమి ఎవరి స్వాధీనంలో ఉందో వాళ్ళకు ప్రతి వాయిదా ఒక బహుమతి లాంటిది. కబ్రస్తాన్ పక్కన రెండు గుంటలు కలుపుకుని షెడ్డు వేసుకున్నవాడు కేసు పదేళ్ళు నడిస్తే పదేళ్ళు అద్దె తింటాడు. ఈలోగా షెడ్డు పోయి రెండంతస్తుల షాపు లేస్తుంది. కరెంటు మీటరు వస్తుంది, ఇంటి పన్ను రశీదులు వస్తాయి. చివరికి తీర్పు మసీదు కమిటీ వైపు వచ్చినా, అప్పటికి అక్కడ నలుగురు కిరాయిదారులు, ఒక బ్యాంకు అప్పు, ఇద్దరు కొత్త కొనుగోలుదారులు ఉంటారు. తెలంగాణలో వక్ఫ్ భూమి 77 వేల ఎకరాలకు పైగా ఉందని, అందులో 57 వేల ఎకరాలకు పైగా ఆక్రమణల్లో ఉందని బోర్డు లెక్కలుగా పత్రికల్లో ఏళ్ళ నుంచి వస్తోంది. దాదాపు నాలుగింట మూడు వంతులు. ఇంత భూమి ఒక్క రాత్రిలో పోలేదు, వాయిదా వాయిదాకీ కొంచెం కొంచెంగా పోయింది.

అయితే ఇంకో వైపు కూడా చూడాలి. ట్రిబ్యునల్ ముందు నిలబడే వాళ్ళంతా కబ్జాదారులు కారు. అప్పు చేసి వంద గజాల ప్లాటు కొనుక్కున్న డ్రైవరు, రిటైరైన టీచరు కూడా ఉంటారు. కొన్నప్పుడు రిజిస్ట్రేషన్ అయింది, తర్వాత ఆ సర్వే నంబరు రిజిస్ట్రేషన్ చట్టం 22-ఎ నిషేధిత జాబితాలోకి వెళ్ళింది. ఇక అమ్ముకోలేరు, లోను రాదు, పిల్ల పెళ్ళికి తాకట్టు పెట్టుకోలేరు. బోడుప్పల్ లాంటి చోట్ల ప్లాట్ల యజమానులు రిజిస్ట్రేషన్లు ఆగిపోయాయని ఏళ్ళుగా రోడ్డెక్కుతున్నది ఇందుకే. అది వక్ఫ్ భూమి అయితే అయిందని చెప్పాలి, కాకపోతే జాబితాలోంచి తీసేయాలి. ఏదీ చెప్పకుండా ఉంచడం వల్ల వక్ఫ్‌కు భూమి రాదు, ప్లాటు ఓనరుకు నిద్ర రాదు. కేసు త్వరగా తేలాలని కోరేది మనం ఒక్కరమే అనుకోవద్దు.

మరి ఎందుకు తేలదు? జడ్జిలను తిట్టేసి ఊరుకుంటే సులువే కానీ, వాయిదా షీట్లు చదివితే కథ వేరేలా కనిపిస్తుంది.

మొదటిది కుర్చీలు. ముగ్గురు కూర్చోవాల్సిన చోట ఒకరి పదవీకాలం అయిపోతే, ప్రభుత్వం కొత్తవారిని వేసేదాకా బెంచి పూర్తి కాదు. జడ్జి ఉంటారు, మెంబరు ఉండరు. 2013 సవరణ తర్వాత మహారాష్ట్రలో ముగ్గురు సభ్యుల ట్రిబ్యునల్ ఏర్పాటు కాకపోతే ఉన్న ఏకసభ్య ట్రిబ్యునల్ పని చేయవచ్చా అనే ప్రశ్న సుప్రీంకోర్టు దాకా వెళ్ళింది. లాల్ షా బాబా దర్గా ట్రస్ట్ కేసు అది. కొత్తది ఏర్పడేదాకా పాతదే పని చేస్తుందని 2015 డిసెంబర్లో కోర్టు చెప్పింది. ఒక నియామకం చేయాల్సిన ఫైలు సెక్రటేరియట్‌లో కదలక, దాని మీద సుప్రీంకోర్టు తీర్పు రావాల్సి వచ్చింది.

రెండోది రికార్డు. వక్ఫ్ కేసు అంటే కాగితాల కేసు. ముంతఖబ్ కావాలి, గెజిట్ కావాలి, వక్ఫ్‌నామా ఉంటే అది కావాలి, సేత్వార్, ఖాస్రా పహాణీ కావాలి. చాలావరకు ఉర్దూలో, కొన్ని ఫార్సీలో ఉంటాయి, తర్జుమా చేయించాలి. 2017 నవంబర్లో తెలంగాణ ప్రభుత్వం రికార్డుల గల్లంతును ఆపుతామంటూ వక్ఫ్ బోర్డు రికార్డు రూముకు సీలు వేసింది. ఉద్దేశం ఏదైనా, ఫలితం మాత్రం కేసుల మీద పడింది. కోర్టులో కాగితం చూపించాల్సిన బోర్డు, తన కాగితం కోసం తనే అనుమతి అడగాల్సి వచ్చింది. అవతలి పార్టీ వకీలుకు ఇంతకన్నా ఏం కావాలి? ఒరిజినల్ ఏది అని అడుగుతాడు, బోర్డు సమయం అడుగుతుంది, వాయిదా.

మూడోది మనవాళ్ళకు నచ్చని మాట. వాయిదా అడిగేది చాలాసార్లు బోర్డే. కౌంటర్ వేయలేదు, సూచనలు రాలేదు, స్టాండింగ్ కౌన్సిల్ మారారు, కొత్తాయనకు ఫైలు అందలేదు. ప్రభుత్వం మారితే బోర్డు మారుతుంది, సీఈవో మారతారు, వకీళ్ళ జాబితా మారుతుంది. 54వ సెక్షన్ కింద ఆక్రమణదారుకు నోటీసు ఇచ్చి, విచారించి, ఖాళీ చేయించమని ట్రిబ్యునల్‌కు దరఖాస్తు పెట్టాల్సింది సీఈవోనే. ఆ కుర్చీలో ఇన్‌చార్జి అధికారి ఉంటే, ఆయనకు అసలు ఉద్యోగం ఇంకోచోట ఉంటే, ఫైలు మీద సంతకం ఎప్పుడవుతుంది? ఇది చెప్పకుండా ట్రిబ్యునల్‌ను ఒక్కదాన్నే తప్పు పట్టడం న్యాయం కాదు.

ఇవి కాక మామూలు సివిల్ కేసుల జబ్బులన్నీ ఇక్కడా ఉన్నాయి. నోటీసు తలుపుకు అంటించి వచ్చారా లేదా అన్నదాని మీద ఆరు నెలలు పోతాయి. ప్రతివాది చనిపోతే వారసులను చేర్చాలి, వాళ్ళలో ఒకాయన జెద్దాలో ఉంటాడు. కొలతల కోసం అడ్వకేట్ కమిషనర్‌ను వేస్తే సర్వేయర్ తీరిక కోసం చూడాలి. పైగా దూరం. ఆంధ్రప్రదేశ్‌కు ట్రిబ్యునల్ కర్నూలులో పెట్టారు. శ్రీకాకుళం జిల్లాలోని ఈద్గా కమిటీ ఒక వాయిదాకు వెళ్ళి రావాలంటే రాను పోను రెండు రాత్రుల ప్రయాణం, అక్కడికి చేరాక తెలిసేది ఈ రోజు సిట్టింగ్ లేదని.

అసలు కేసు ఏ కోర్టుకు చెందుతుందో తేలడానికే దశాబ్దం పట్టిన సందర్భం మన ఊళ్ళోనే ఉంది. హైదరాబాద్‌లోని సుగ్రా హుమాయూన్ మీర్జా వక్ఫ్ కిరాయిదారు కేసులో, కిరాయిదారును ఖాళీ చేయించడం ట్రిబ్యునల్ పని కాదు, సివిల్ కోర్టు పని అని 2010లో సుప్రీంకోర్టు చెప్పింది. రమేష్ గోవింద్‌రామ్ కేసుగా ఇది వకీళ్ళందరికీ తెలుసు. ఆ తీర్పు ఆధారంగా ఎన్నో దరఖాస్తులు వెనక్కి పోయాయి. 2013లో చట్టం మార్చి కిరాయిదారుల తగాదా కూడా ట్రిబ్యునల్‌దే అన్నారు. 2021 అక్టోబర్లో రషీద్ వలీ బేగ్ కేసులో సుప్రీంకోర్టు ట్రిబ్యునల్ పరిధి విశాలమైనదే అని మళ్ళీ చెప్పింది. ఈ అటూ ఇటూలో ఒక ముతవల్లీ వయసు అయిపోయింది.

ఇంతకాలం ఈ ఆలస్యాన్ని ఓర్చుకోవడానికి ఒక ఆసరా ఉండేది. 1995 చట్టం 107వ సెక్షన్ ప్రకారం వక్ఫ్ స్థిరాస్తిని తిరిగి తీసుకునే దావాకు లిమిటేషన్ చట్టం వర్తించేది కాదు. ఆక్రమించినవాడు ముప్పై ఏళ్ళు కూర్చున్నా, ఇన్నేళ్ళయింది కాబట్టి నాదే అనడానికి లేదు. అందుకే మన కమిటీల్లో ఒక నిదానం అలవాటైంది. ఈ కమిటీ కాకపోతే వచ్చే కమిటీ చూసుకుంటుందిలే అని. 2025 సవరణతో ఆ ఆసరా పోయింది. ఏప్రిల్ 8 నుంచి లిమిటేషన్ చట్టం వక్ఫ్ భూములకూ వర్తిస్తోంది. స్వాధీనం కోసం వేసే దావాకు సాధారణంగా పన్నెండేళ్ళు. సెప్టెంబర్ 15న సుప్రీంకోర్టు సవరణ చట్టంలోని కొన్ని భాగాలను నిలిపివేసింది కానీ, లిమిటేషన్ విషయంలో స్టే ఇవ్వలేదు.

ఇప్పటికే వేసిన కేసు గడువు పరంగా బతికే ఉంటుంది, నిజమే. కానీ కేసులో పేరు లేని కొత్త మనిషి వచ్చి పక్క గుంటలో కూర్చుంటే అతని మీద గడియారం తిరగడం మొదలవుతుంది. కేసు నడుస్తుండగా ప్రతివాది అమ్మిన భూమి కొన్నవాడికి తీర్పు వర్తిస్తుంది, ఆస్తి బదిలీ చట్టం 52వ సెక్షన్ ఆ రక్షణ ఇస్తుంది. ప్రతివాదితో సంబంధం లేకుండా సొంతంగా దూరినవాడి మీద ఆ రక్షణ పని చేయదు, వాడి మీద వేరే దరఖాస్తు వేయాలి. ఇంకో ముల్లు 36వ సెక్షన్ పదో ఉపసెక్షన్. రిజిస్టర్ కాని వక్ఫ్ తరఫున కేసు వేయడానికే కాదు, ఉన్న కేసును వినడానికి, తీర్పు చెప్పడానికి కూడా గడువు తర్వాత అడ్డంకి పెట్టారు, తగిన కారణం చూపితే తప్ప. పల్లెల్లో ఎన్ని ఆషుర్‌ఖానాలు, ఎన్ని చిన్న దర్గాలు కాగితం లేకుండా తరాలుగా నడుస్తున్నాయో మనకు తెలుసు. వాటి కేసులు వాయిదాల్లోనే ఉండగా చట్టం కింద నేల జారిపోవచ్చు. ఆలస్యం ఖరీదు 2025కు ముందు ఒకటి, ఇప్పుడు ఇంకొకటి.

కాబట్టి హైకోర్టుకు పోదామా అనే ఆలోచన సహజం. దారి ఉంది. రాజ్యాంగం 227వ అధికరణ కింద తన పరిధిలోని కోర్టులు, ట్రిబ్యునళ్ళ మీద హైకోర్టుకు పర్యవేక్షణ అధికారం ఉంది. చట్టం ఏం రాసినా ఆ అధికారాన్ని తీసేయలేరని 1997లో ఎల్. చంద్రకుమార్ కేసులో ఏడుగురు జడ్జిల ధర్మాసనం చెప్పింది. మన హైకోర్టుల్లో దీన్ని సివిల్ రివిజన్ పిటిషన్‌గా వేస్తారు. ఫలానా నంబరు దరఖాస్తును ఫలానా గడువులో తేల్చమని ఆదేశించండి అని కోరతారు. చాలా పిటిషన్లు మొదటి విచారణలోనే, అవతలి వాళ్ళకు పెద్దగా అభ్యంతరం లేకుండా, రెండు పేరాల ఉత్తర్వుతో ముగుస్తాయి.

ఆ రెండు పేరాల కాగితం తీసుకుని మిఠాయి పంచుకునే ముందు 2024 ఫిబ్రవరి 29 నాటి తీర్పు ఒకటి చదవాలి. అలహాబాద్ హైకోర్టు బార్ అసోసియేషన్ కేసులో ఐదుగురు జడ్జిల ధర్మాసనం ఇచ్చింది. స్టే ఉత్తర్వులు ఆరు నెలలకు వాటంతటవే రద్దవుతాయన్న 2018 నాటి ఏషియన్ రీసర్ఫేసింగ్ తీర్పును అది కొట్టేసింది. దానితో పాటు ఇంకో మాట కూడా అంది: కింది కోర్టులో కేసు ఇన్ని రోజుల్లో తేల్చండి అని పై కోర్టులు మామూలుగా గడువులు పెట్టకూడదు, అసాధారణ పరిస్థితుల్లోనే పెట్టాలి. ఏ కోర్టులో ఎన్ని కేసులున్నాయో, దేన్ని ముందు వినాలో ఆ కోర్టు జడ్జికే బాగా తెలుస్తుంది. పైగా పై కోర్టుకు వెళ్ళే స్తోమత ఉన్నవాడు ఉత్తర్వు తెచ్చుకుని వరుసలో ముందుకు దూకితే, అది లేనివాడు వెనకే నిలబడాలి.

ఈ చివరి కారణం దగ్గర కొంచెం ఆగాలి, ఎందుకంటే అది మన కేసుల్లో రెండు వైపులా కోస్తుంది. హైకోర్టులో సీనియర్ వకీలును పెట్టుకోగల పెద్ద దర్గా ముతవల్లీ తన కేసు ముందుకు తెచ్చుకుంటే, ఆ ట్రిబ్యునల్లోనే ఉన్న వితంతువు వాటా కేసు, చిన్న కబ్రస్తాన్ కేసు వెనక్కి జరుగుతాయి. అదే దారిలో బిల్డరు కూడా వెళ్ళొచ్చు. నిషేధిత జాబితాలోంచి తన సర్వే నంబరు తీయించుకునే కేసుకు గడువు తెచ్చుకుని, బోర్డు ఇంకా కాగితాలు వెతుక్కుంటుండగానే ఎక్స్‌పార్టీగా గెలిచేయొచ్చు. త్వరగా తేల్చమనే ఉత్తర్వు సిద్ధంగా ఉన్నవాడికి లాభం, సిద్ధంగా లేనివాడికి ఉరి. మన బోర్డు ఎన్ని కేసుల్లో సిద్ధంగా ఉందో పైన చెప్పుకున్నాం.

వేగమే న్యాయం అనుకుంటే ఏమవుతుందో తెలంగాణ రైతులు 2021లో చూశారు. 2020 పట్టాదారు పాసుపుస్తకాల చట్టం రెవెన్యూ కోర్టులను రద్దు చేసి, తహసీల్దార్, ఆర్డీవో, జాయింట్ కలెక్టర్ల దగ్గర పెండింగ్‌లో ఉన్న 16 వేలకు పైగా కేసులను జిల్లాకో ప్రత్యేక ట్రిబ్యునల్‌కు పంపింది. 2021 జనవరిలో అవి ఏర్పడ్డాయి. కొన్ని వారాల్లోనే కేసుల కట్టలు కరిగిపోయాయి. ఎలా కరిగాయంటే, చాలా కేసుల్లో ఎవరినీ పిలవకుండా, వినకుండా, ఫైలు చూసి ఉత్తర్వు రాసేశారు. ఇరవై ఏళ్ళు తిరిగిన రైతుకు తన కేసు అయిపోయిందని తర్వాతెప్పుడో తెలిసింది. విషయం హైకోర్టుకు వెళ్తే, కోరిన వాళ్ళకు నోటీసు ఇచ్చి వినాల్సిందేనని మార్చిలో ఆదేశించింది. అంటే ఒక హైకోర్టు ఒకే రాష్ట్రంలో ఒక ట్రిబ్యునల్‌ను తొందరగా పోనీయమని, ఇంకో ట్రిబ్యునల్‌ను కాస్త ఆగమని చెప్పాల్సి వచ్చింది. రెండు చోట్లా లోపం ఒక్కటే, పార్టీ మాట వినలేదు. ఒకచోట వాయిదా వేసి వినలేదు, ఇంకోచోట కొట్టేసి వినలేదు.

అందుకని హైకోర్టులో ఏం అడగాలన్నది, వెళ్ళాలా వద్దా అన్నదానికన్నా పెద్ద ప్రశ్న. నా అంచనాలో మూడు నెలల్లో తేల్చమనే గుండుగుత్త కోరిక అన్నిటికన్నా బలహీనమైనది. 2024 తీర్పు చూపించి జడ్జి వద్దనొచ్చు. ఇచ్చినా, మూడు నెలలు దాటాక ట్రిబ్యునల్ ఇంకో ఆరు నెలలు కావాలని ఉత్తరం రాస్తుంది, అదీ ఇస్తారు. కేసు ఎక్కడ ఆగిందో ఆ ముడి విప్పమని అడగడం మేలు. సభ్యుడి నియామకం జరగలేదా? అప్పుడు తప్పు ట్రిబ్యునల్‌ది కాదు, ప్రభుత్వానిది. 226వ అధికరణ కింద రిట్ వేసి ప్రభుత్వాన్ని పార్టీ చేయాలి. ట్రిబ్యునల్ లేకపోయినా, పని చేయకపోయినా నేరుగా హైకోర్టుకు అప్పీలుకు రావచ్చని కొత్త సవరణ 83వ సెక్షన్‌లో ఒక మాట చేర్చింది. సవరణలో చాలావాటితో పేచీ ఉన్నా, ఈ ముక్కను వాడుకోవడంలో తప్పు లేదు. కట్టడం ఆపమని వేసిన మధ్యంతర దరఖాస్తు రెండేళ్ళుగా వినలేదా? అసలు కేసు సంగతి వదిలేసి, ఆ ఐఏ ఒక్కదాన్ని ఫలానా వాయిదాలోగా వినమని అడగాలి, అప్పటిదాకా ఉన్నది ఉన్నట్టు ఉంచమనాలి. గోడ లేస్తుండగా తీర్పు కోసం ఎదురుచూడటం కన్నా గోడ ఆపడం ముఖ్యం. అవతలి పార్టీ వాయిదాల మీద వాయిదాలు తీసుకుంటోందా? ట్రిబ్యునల్‌కు సివిల్ కోర్టు అధికారాలున్నాయి, ఒక పార్టీకి మూడు వాయిదాలకు మించి ఇవ్వకూడదన్న సివిల్ ప్రొసీజర్ కోడ్ 17వ ఆర్డర్ నిబంధనను ఎత్తి చూపవచ్చు. ఈ మూడు మాటలూ జడ్జిని వరుస దాటించమని కోరేవి కావు, చట్టం అమలు చేయమని కోరేవి. వాటికి 2024 తీర్పు అడ్డం రాదు.

దీనికి రుజువు కావాలి. ఆలస్యమైందని నోటితో చెబితే హైకోర్టు వినదు, చూపించాలి. కేసు మొదటి రోజు నుంచి నేటి దాకా ఉన్న డాకెట్ ఉత్తర్వుల సర్టిఫైడ్ కాపీ తీసుకుంటే, ఏ వాయిదా ఎవరు అడిగారో, ఏది సిట్టింగ్ లేక పోయిందో, ఏది రికార్డు రాక పోయిందో వరుసగా బయటపడుతుంది. అందులో సగం వాయిదాలు మన వకీలే అడిగి ఉంటే ఆ పిటిషన్ వేయకపోవడమే మంచిది, కోర్టులో పరువు పోతుంది. ముందుగా ట్రిబ్యునల్లోనే త్వరగా వినమని ఒక దరఖాస్తు పెట్టి, అది పట్టించుకోలేదని చూపిస్తే బలం. ఇదంతా ఖర్చుతో కూడిన పనే. అయితే న్యాయసేవల చట్టం 1987 కింద మహిళలకు, ఎస్సీ ఎస్టీలకు ఆదాయంతో పని లేకుండా ఉచిత వకీలు దొరుకుతారు, మిగతావారిలో చాలామందికి ఆదాయ పరిమితి ఉంటుంది. వాటా కోసం ఒంటరిగా తిరిగే ఆడవాళ్ళలో ఎంతమందికి ఈ సంగతి తెలుసు?

హైకోర్టు మీద పెట్టుకునే ఆశకు హద్దు ఎక్కడుందో మణికొండ చూపించింది. హజ్రత్ హుసేన్ షా వలీ దర్గాకు 1,654 ఎకరాల 32 గుంటలు వక్ఫ్ అంటూ 2006లో బోర్డు సవరణ నోటిఫికేషన్ ఇచ్చింది. అప్పటికే ఆ భూమిలో చాలా భాగం ప్రభుత్వం కంపెనీలకు, సంస్థలకు కేటాయించేసింది. ట్రిబ్యునల్, హైకోర్టు, సుప్రీంకోర్టు తిరిగి 2022 ఫిబ్రవరి 7న తీర్పు వచ్చేసరికి లాంకో హిల్స్ టవర్లు ఆకాశంలో ఉన్నాయి. భూమి జాగీరుదని, జాగీర్ల రద్దుతో ప్రభుత్వానికి చెందిందని కోర్టు చెప్పింది, బోర్డు ఓడిపోయింది. పదహారేళ్ళు పట్టింది కాబట్టి ఓడిపోయారని నేను అనడం లేదు. కాగితం బలం తక్కువైతే పదహారు నెలల్లో తేలినా ఓటమే. కానీ ఇందులో ఇంకో సంగతి ఉంది. 1989 గెజిట్‌లో దర్గా చుట్టూ ఉన్న కొద్దిపాటి స్థలమే వచ్చి, మిగతాదాని కోసం 2006 దాకా ఆగడం ట్రిబ్యునల్ చేసిన ఆలస్యం కాదు. ఓడినవాడు కోర్టులో ఏడిస్తే గెలిచినవాడు ఇంటికెళ్ళి ఏడ్చాడని సామెత. కేసే వేయని వాళ్ళు ఎక్కడ ఏడుస్తారో సామెతలో లేదు.

ఇంకో మార్పును కూడా గమనించాలి. ఇదివరకు ట్రిబ్యునల్ తీర్పే అంతిమం, హైకోర్టు రివిజన్‌లో రికార్డు తెప్పించుకుని చూడొచ్చు అంతే. ఇప్పుడు 90 రోజుల్లో హైకోర్టుకు అప్పీలు హక్కు వచ్చింది. ఓడినవాడికి ఇది న్యాయమే. కానీ ఇకపై ట్రిబ్యునల్లో ఏడాదిలో కేసు తేలినా, అది హైకోర్టు అప్పీళ్ళ వరుసలోకి వెళ్ళి కూర్చుంటుంది. ఆ వరుసకు ఆరు నెలల గడువు ఎవరూ రాయలేదు. గెలిచిన కమిటీ ఆ రోజే కేవియట్ వేసుకోకపోతే, స్టే వచ్చాకే అప్పీలు సంగతి తెలుస్తుంది.

ఇటు భూభారతి చట్టం 2025 ఏప్రిల్ 14 నుంచి అమల్లోకి వచ్చింది. ధరణి పోయింది, మళ్ళీ అప్పీళ్ళ వ్యవస్థ, భూ ట్రిబ్యునళ్ళ ఏర్పాటు చట్టంలోకి వచ్చాయి. వక్ఫ్ భూమి పహాణీలో పట్టాగా ఎక్కిన చోట్ల కమిటీలు రెండు చోట్లా తిరగాలి. హక్కు కోసం వక్ఫ్ ట్రిబ్యునల్లో, రికార్డు సవరణ కోసం రెవెన్యూలో. ఒకచోట కేసు పెండింగ్‌లో ఉందని ఇంకోచోట ఆపేస్తారు. ఇలా ఇరుక్కున్న కమిటీ ఏదైనా ఉంటే, వచ్చే వాయిదాకు వెళ్ళినప్పుడు కాపీయింగ్ సెక్షన్‌లో డాకెట్ కాపీకి దరఖాస్తు పెట్టి, రశీదు జాగ్రత్త చేసుకోండి. ఆ కాగితం చేతిలో లేకుండా ఏ వకీలైనా హైకోర్టు ఫీజు అడిగితే, ఏం చూపించి వేస్తారని ఒక్క మాట అడగండి.